ధాన్యం కళ్లంలో బాస్కెట్‌బాల్

మొన్న రాజమండ్రిలో ఎముకల డాక్టరుగారు నా మోకాలి ఎక్స్‌రేని కిటికీ వెలుతురుకి ఎత్తి పట్టుకుని, "చిన్నప్పుడేమైనా ఆటలాడేవారా అండి?" అని అడిగారు. బాస్కెట్‌బాల్ అన్నాను. ఆయన ఎక్స్‌రే దించి నన్ను పాదాల నుంచి తల దాకా ఒకసారి చూశారు. నా పొడుగు అంతంతమాత్రం కాబట్టి ఆ చూపుకి ఎక్కువసేపు పట్టలేదు. మర్యాదస్తుడు, నవ్వలేదు. మాత్రలు రాసిచ్చి పంపించారు. ఆటోలో ఇంటికి వస్తున్నంతసేపూ మా చిన్నమావయ్యే గుర్తొచ్చాడు. నాలాంటి పొట్టిదాని చేతిలో ఆ బంతి పెట్టిన మనిషి ఆయనొక్కడే.

చిన్నమావయ్య మా అమ్మకి ఆఖరి తమ్ముడు. ఆరడుగుల పైన మరో రెండంగుళాలు ఉండేవాడు. మా ఇంట్లో గుమ్మాలన్నీ ఆయన నుదుటికి పరిచయమే. కాలేజీలో ఆడుతుండగా చూసి ఎక్కడో దూరాన ఒక పెద్ద ఫ్యాక్టరీ వాళ్లు తీసుకుపోయి ఉద్యోగమిచ్చారు. కాగితం మీద గుమాస్తా, చేసే పని మాత్రం బంతాట. అప్పట్లో మన దగ్గర ఆటతో బతకడమంటే అదే. నెలలో సగం రోజులు రైళ్లలో, మిగతా సగం కోర్టు మీద, వీపు మీద ఫ్యాక్టరీ పేరు. అలా పదేళ్లు ఆడాక ఒక మ్యాచిలో మోకాలు తిరగబడింది. నడక తిరిగి వచ్చింది గానీ ఎగరడం రాలేదు. ఇక నిజంగానే గుమాస్తాగా కూర్చోమన్నారు. ఆర్నెల్లు కూర్చున్నాడు. టైపు కొట్టిన ఉత్తరమల్లా తప్పులతో వెనక్కి వస్తుంటే ఒకరోజు రాజీనామా ఇచ్చి, నాలుగు రోజులుండి పోదామని మా ఇంటికి వచ్చాడు. ఆ నాలుగు రోజులూ దాదాపు అయిదేళ్లయ్యాయి. డెబ్బైల చివరి మాట ఇది.

అక్కగారి అత్తవారింట్లో మకాం అంటే ఏ మగాడికైనా ఇరుకే. మా తాతయ్య, అంటే మా నాన్నగారి నాన్న, ఒక్క మాట కూడా అనేవాడు కాదు. అనకపోవడమే కష్టంగా ఉండేది. భోజనాల దగ్గర "అబ్బాయికి ఇంకాస్త నెయ్యి వెయ్యండమ్మా" అనేవాడు. ఆ నెయ్యి పడగానే మావయ్య కంచంలోకి చూస్తూ కలిపిందే మళ్లీ కలిపేవాడు.

మాది రాజమండ్రికి బస్సులో గంట దూరంలో ఉన్న ఊరు. ఇంటిని ఆనుకునే తాతయ్య రైసుమిల్లు ఉండేది. ఉప్పుడు బియ్యం మిల్లు కనుక ఉడకబెట్టిన ధాన్యం ఆరబోయడానికి చుట్టూ ప్రహరీతో పెద్ద సిమెంటు కళ్లం. ఆ ధాన్యం వాసన మా బట్టలకీ జడలకీ పట్టి ఉండేది. ఊళ్లో అంత నున్నటి నేల మరొకటి లేదు. మావయ్య వచ్చిన నెలకే దాని మీద అడుగులు కొలవడం మొదలుపెట్టాడు. తాతయ్యని అడగడానికి ఇంకో రెండు నెలలు పట్టింది. సగం ధాన్యానికి, సగం బంతికి అని తాతయ్య ఒప్పుకుని ఒకే ఒక్క షరతు పెట్టాడు.

"చినుకు పడిందంటే ముందు ధాన్యం. ఆ తరవాతే నీ ఆటైనా, పాటైనా."

ఊరి కమ్మరి ఇనప రింగు చేసిచ్చాడు. నెట్టు కోసం మావయ్య కాకినాడ నుంచి చేపల వల ముక్క పట్టుకొచ్చాడు. నీచు ముట్టని మా ఇంట్లో దాని మీద రెండు రోజులు గొడవ నడిచింది. నాయనమ్మ దాన్ని మూడుసార్లు పసుపునీళ్లలో జాడింపించాక గానీ కట్టనివ్వలేదు. పసుపు రంగు నెట్టున్న కోర్టు నేను మళ్లీ ఎక్కడా చూడలేదు. ప్రహరీ లోపలి ఆట కనుక ఆడపిల్లల్ని పంపడానికి ఊళ్లో ఎవరికీ అభ్యంతరం లేకపోయింది. అలా మా హైస్కూలు పిల్లలం పదిమందిమి పోగయ్యాం. బంతి ఏమాత్రం పక్కకి పోయినా ధాన్యంలో పడేది. కళ్లం ఆడవాళ్లకి పెద్దగా ఉండే ముసలామె ఊరుకునేది కాదు. "ఆరిందీ ఆరందీ కలిపేత్తన్నారు కదమ్మా, రేపు మర పడితే నూకలైపోవా?" అనేది. ఆవిడకి భయపడే మేము బంతిని ఒంటికి దగ్గరగా పెట్టుకోవడం నేర్చుకున్నాం. మావయ్య ఎన్నిసార్లు చెప్పినా రానిది ఆవిడ వల్ల వచ్చింది.

ఇక చినుకు పడితే మావయ్య ఈల ఊదేవాడు. చేతిలో బంతి ఉంటే ఉన్నచోటే వదిలేసి, పరిగెత్తి, ధాన్యం కుప్పచేసే ఆడవాళ్లతో కలిసి బరకాలు కప్పాలి. "పరుగు పరుగే కదే, బంతి కోసమైతేనేం, బరకం కోసమైతేనేం" అనేవాడు. మొదటి చినుక్కీ ఆఖరి బరకానికీ మధ్య ఎంతసేపు పట్టిందో వాచీ చూసి చెప్పేవాడు కూడా. మూడేళ్లు గడిచేసరికి మాకు ఈల అక్కర్లేకుండా పోయింది. ముక్కు మీద చుక్క పడితే చాలు, కాళ్లు వాటంతటవే పోయేవి. తాతయ్య మొదటిసారి మావయ్యని పదిమందిలో మెచ్చుకున్నది అందుకే. ఆట ఎలా ఆడతారో మాత్రం ఆయనకి ఆఖరి దాకా తెలియదు.

అప్పుడే రాజమండ్రిలో ఒక ఆడపిల్లల కాలేజీ వాళ్లు కోచ్ కోసం చూస్తున్నారని తెలిసి మావయ్య అర్జీ పెట్టాడు. ప్రిన్సిపాలమ్మగారు, ఆడినవాళ్లందరికీ నేర్పడం రాదండీ, కార్తీకంలో మా గ్రౌండులో టోర్నమెంటు ఉంది, మీ పిల్లలచేత గెలిపించండి, చేర్చుకుంటాం అన్నారట. బస్సులో వెళ్తూ మావయ్య ఆ సంగతి మా దగ్గర దాచలేదు. "గెలిస్తే నాకు ఉద్యోగం. ఓడితే మీ తాతయ్యగారి నెయ్యి" అన్నాడు. మేము నవ్వాం. ఆయన నవ్వలేదు.

ఫైనల్ దాకా వచ్చాం. ఫైనల్లో ఒక్క పాయింటు ముందున్నాం. ఇంకో అర నిమిషం గడిస్తే చాలు. బంతి నా చేతిలో ఉంది. ఎవరికీ చిక్కనివ్వకుండా ఒంటికి దగ్గరగా నేలకి కొట్టుకుంటూ ఉండడమే నా పని, నాకు అంతకంటే బాగా వచ్చిన పని మరొకటి లేదు. మధ్యాహ్నం నుంచీ మూసుకుని ఉన్న ఆకాశం అప్పుడు ఒక్క చినుకు రాల్చింది. అది నా ముక్కు మీద పడింది.

బంతి కింద పెట్టి పరిగెత్తాను. నా వెనకే మిగతా నలుగురూ పరిగెత్తారు. గ్రౌండు అంచుదాకా వెళ్లి బరకాల కోసం చూశాం. సరిగ్గా అప్పుడు బెంచీ దగ్గర లేచి నిలబడి మావయ్య "ధాన్యం!" అని అరిచాడు. అవతలి జట్టులో ఒకమ్మాయి కాసేపు మావంకా బంతివంకా చూసి, తీసుకుని, నేలకి కొట్టుకుంటూ నింపాదిగా వెళ్లి రింగులో వేసింది. రిఫరీకి తప్పు పట్టడానికేమీ కనబడలేదు. ఒక్క పాయింటుతో ఓడిపోయాం.

ప్రిన్సిపాలమ్మగారు గొడుగు పట్టించుకుని వచ్చి, "పిల్ల ఎవరైనా కంగారుపడి పరిగెడితే అది వేరండీ. ఆట మధ్యలో కోచే అరిస్తే ఎలా?" అన్నారు. నా పరుగు ముందో, ఆయన అరుపు ముందో ఆవిడకి నిజంగా తెలియదు. చెప్పమనే అడుగుతున్నారు. మావయ్య పక్కనే నేను తడిసిన జడతో నిలబడి ఉన్నాను. నా మీదకి వస్తుందని భయమేసింది. నోరు విప్పలేదు. "ముందు అరిచింది నేనేనండి. పిల్లలకేం తెలుసు" అన్నాడు మావయ్య. ఆ ఉద్యోగం ఇంకెవరికో వెళ్లింది.

తరవాత ఇంకో ఏడాది మా కళ్లంలోనే ఉండి, దూరాన ఏదో బడిలో డ్రిల్లు మాస్టారుగా కుదిరి వెళ్లిపోయాడు. రిటైరయ్యేదాకా అక్కడే ఉన్నాడు. నేర్పడం బాగా వచ్చినవాడని ఆయన శిష్యులు ఇప్పటికీ చెబుతుంటారు. కాలేజీ కోర్టు మీద నిలబడి ఉంటే ఇంకెంత దూరం వెళ్లేవాడో నాకు తెలియదు. తెలుసుకోవాలని కూడా లేదు.

ఆఖరి రోజుల్లో చూడడానికి వెళ్తే, మంచం మీద నుంచే అడిగాడు. "అమ్మలూ, ఆ రోజు ముందు అరిచింది నేనే కదే?" నిజంగా మరిచిపోయి అడిగాడో, నన్ను చెప్పనివ్వడానికే అడిగాడో ఆ మొహంలో నాకు అంతుపట్టలేదు. అప్పటికి నాకు యాభై దాటాయి. భయపడవలసిన ప్రిన్సిపాలు లేరు, టోర్నమెంటూ లేదు.

"అవును మావయ్యా, నువ్వే" అన్నాను.

ఆయన తల ఊపి కళ్లు మూసుకున్నాడు. ఆ నెలలోనే పోయాడు. చెప్పుకోవలసిన మనిషిని కాలం తీసుకుపోయింది, చెప్పవలసిన మాటను మాత్రం నా దగ్గరే వదిలేసింది.