ఒక్కన్నే వస్తున్న అవ్వా

ఇరవై ఏళ్ళు కావస్తోంది. ఈ బరువును మోస్తున్నానని చెప్పుకోవడం కూడా గొప్పలు పోవడమే. మోసేవాడు ఎక్కడో ఒకచోట దించి భుజం మార్చుకుంటాడు. నేను ఒక్కసారి కూడా దించలేదు. దించితే ఎవరైనా విప్పి చూస్తారని భయం. మీరెవరో నాకు తెలియదు. నా పేరు మీకు చెప్పను. జనగామ వాళ్ళకు రెండో పేరాకే తెలిసిపోతుంది, పోనీయండి. పేరు రాయడానికి మాత్రం చెయ్యి రావడం లేదు. ఆ పిరికితనం ఒక్కటి నాకు వదిలేయండి, మిగతాదంతా చెబుతాను.

ఒక రికార్డుల పుస్తకంలో నేనున్నాను. ఎవరి తోడూ లేకుండా, పన్నెండు రోజులు, వెనక్కి నడిచినవాణ్ణి. జనగామలో మొదలుపెట్టి పాలకుర్తి, తొర్రూరు, మహబూబాబాద్, నర్సంపేట, ములుగు మీదుగా భూపాలపల్లి దాకా. ఇప్పుడవి వేరువేరు జిల్లాలు, అప్పుడు అన్నీ ఒకే జిల్లా. రాష్ట్రం కోసం ఊరూరా టెంట్లు వేసి నిరాహార దీక్షలు చేస్తున్న రోజులు. సెల్‌ఫోన్లు ఇంకా అందరి చేతుల్లోకీ రాలేదు.

నేను ఒక ప్రైవేటు బడిలో ఆటల మాస్టారిని. అంతకుముందే సైకిల్ మీద ఒంటరిగా కన్యాకుమారి పోయి వచ్చాను. వరద తగ్గకముందే గోదావరి ఈదాను. ఊళ్ళో సాహసి అనేవాళ్ళు. ఆ మాట వింటే నాకు కడుపు నిండేది. ఆటల మాస్టారి ట్రైనింగ్‌కు కోస్తా వైపు పోయినప్పుడు నేను నోరు తెరిస్తే చాలు నవ్వేవాళ్ళు. సినిమాల్లో మా యాసను చూసి నవ్వినట్టే. ‘వెనకబడిన ప్రాంతం’ అని ఒకడు జాలిపడ్డాడు కూడా. సరే, వెనక్కే నడిచి చూపిస్తాను, ఎవడు నవ్వుతాడో చూస్తాను అనుకున్నాను. ఉద్యమం కోసమే నడిచానా? నడిచాను. పేరు కోసమా? దానికోసం ఇంకా ఎక్కువ నడిచాను.

రికార్డు వాళ్ళ ఉత్తరంలో మూడు నిబంధనలు ఉన్నాయి. ఒక్క అడుగు కూడా ముందుకు వేయకూడదు. దారిలోని ప్రతి ఊళ్ళో ఒకరి చేత సాక్షి సంతకం పెట్టించుకోవాలి. తోడుగా ఎవరూ నడవకూడదు. రాత్రి ఆగిన చోట రోడ్డుకు అడ్డంగా సుద్దగీత గీసి, తెల్లారి మళ్ళీ ఆ గీత మీద మడమలు పెట్టి మొదలుపెట్టేవాణ్ణి.

వెనక్కి నడిచేవాడికి పోయే దారి కనిపించదు. దానికి ఉపాయం చేసింది యాకూబ్. జనగామ స్టేషన్ రోడ్డులో సైకిల్ షాపు అతనిది. పాత గొడుగు పుల్లలు రెండు వంచి, స్కూటర్ అద్దం బిగించి, నా ఎడమ భుజానికి తోలుపట్టీతో కట్టాడు. అందులో చూసుకుంటూ నడవాలి. ఎదురుగా మాత్రం నేను వదిలేసి వచ్చిన రోడ్డే కనిపిస్తుంది. కన్యాకుమారి పోయిన సైకిల్‌కు చక్రాలు సరిచేసింది కూడా అతనే. నేను ఏ పిచ్చి పని తలపెట్టినా ముందు తిట్టి, తరువాత పానా పట్టుకుని కూర్చునేవాడు.

మహబూబాబాద్ చేరే సాయంత్రం ఒక బర్రె తల విదిలించింది. అద్దం పగిలింది. యాకూబ్ షాపు ఎదురుగా ఉన్న ఎస్టీడీ బూతుకు ఫోన్ చేశాను. రాత్రి రైలుకే రెండు అద్దాలు పట్టుకుని దిగాడు. దిగగానే, “ఏంది అన్నా, బర్రెకు సైడు ఇయ్యాల్నని తెల్వదా” అని నవ్వాడు. నేను పిలిస్తే వచ్చాడు. ఇది గుర్తుపెట్టుకోండి. నేనైతే ఒక్కరోజూ మరిచిపోలేదు.

మరునాడు బంద్. బస్సు లేదు, ఆటో లేదు, రోడ్డు మీద కంప కొట్టి వేశారు. ఊరి చివర నా సుద్దగీత దగ్గర అద్దం బిగించి అతను ఆగిపోవాలి. ఆగలేదు. తిరుగు బండి సాయంత్రానికి గానీ లేదు, జరసేపు నడుస్తనన్నాడు. నిబంధన నాకు తెలుసు. చూసేవాడెవడున్నాడు అనుకున్నాను. అదీగాక, అయిదు రోజుల్లో నాకు మాట్లాడే మనిషి దొరకలేదు. వెనక్కి నడిచేవాడితో నడిస్తే ఇద్దరి ముఖాలూ ఎదురెదురుగా ఉంటాయి. నర్సంపేట దారిలో గూడూరు పోయే ఆ రోడ్డు మీద అంత సంతోషంగా నేను ఎవరితోనూ మాట్లాడలేదు. జమీల పెట్టిన రొట్టెలు, పచ్చి ఉల్లిగడ్డ తింటూ నడిచాం. జమీల అతని భార్య. నన్ను భాయ్ అనేది.

మే నెల ఎండ. పది కూడా కాలేదు. కాలువ మీది చిన్న మోరీ పిట్టగోడ దగ్గర యాకూబ్ ఆగాడు. ముఖమంతా చెమట, ఎడమ చెయ్యి పట్టుకుని నొక్కుకుంటున్నాడు.

“ఏందో అన్నా, రెక్క గుంజుతాంది. నువ్వు నడువు, నేను జర కూసుంట.”

కూర్చున్నాడు. నేను నడుస్తూనే ఉన్నాను. అడుగు పడుతూనే ఉంది, ముఖం మాత్రం అతని వైపే ఉంది. ఒక కరెంటు స్తంభం దూరం పోయాను. అతను లేచాడు. చెప్పులు విడిచి నాలుగడుగులు నా వైపు వేశాడు. చెయ్యెత్తాడు.

“అన్నా, జర ఇటు రా.”

విన్నాను. గాలి లేదు, బండి చప్పుడు లేదు, బంద్ కదా. చక్కగా వినిపించింది. చెయ్యి ఊపి సాగనంపుతున్నాడని అనుకున్నానని నాకు నేను ఎన్నో ఏళ్ళు చెప్పుకున్నాను. అబద్ధం. ఆటల మాస్టారిని నేను. ఎండకు పడేవాడెవడో, గుండెకు పడేవాడెవడో నాకు తెలుసు. అతను మోకాళ్ళ మీద పడ్డాడు, తరువాత పక్కకు ఒరిగాడు. మొదటి స్తంభం దగ్గర. ఆ రోడ్డు దారం పట్టి గీసినట్టు తిన్నగా ఉంటుంది. నేను వెనక్కి నడుస్తూ, అతన్ని చూస్తూ, చూస్తూ, అతను చిన్నగా అయ్యేదాకా, ఒక గుడ్డ మూటలా అయ్యేదాకా, ఆ తరువాత ఎండలో ఏమీ కనిపించకుండా పోయేదాకా నడిచాను. ఏమనుకుంటూ నడిచాను? ఒక్క అడుగు ముందుకు వేస్తే ఆరు రోజులు మట్టిపాలని. ఎవరో ఒకరు వస్తారని. లేచి కూర్చుంటాడని. థూ, నా బతుకు చెడ! బంద్ నాడు ఆ రోడ్డు మీద ఎవరు వస్తారు?

అక్కడితో అయిపోతే ఎలాగో బతికేవాణ్ణేమో. కాలేదు. రెండు కిలోమీటర్ల దూరంలో ఒక తండా వచ్చింది. ఎనిమిది పదిమంది చింతచెట్టు కింద కూర్చుని ఉన్నారు. నన్ను చూసి చప్పట్లు కొట్టారు. ఒక ముసలవ్వ, చేతుల నిండా పాత గాజులు, సత్తుచెంబుతో నీళ్ళు తెచ్చి ఇచ్చింది. నేను తాగుతుంటే వచ్చిన రోడ్డు వైపు చూసింది.

“ఒక్కనివే వస్తున్నవా కొడుకా? ఎనక ఎవరన్న ఉన్నరా?”

అక్కడ ఎడ్లబండి ఉంది. మంచం ఉంది. నలుగురు గట్టి మనుషులున్నారు. ఒక్క మాట చెబితే పరుగెత్తేవాళ్ళు. నేను ముందుకు అడుగు కూడా వేయనక్కరలేదు. నోరు తెరిస్తే చాలు. తెరిస్తే, ‘మరి నువ్వెట్ల వదిలేసి వచ్చినవు’ అంటారు. ‘వాడు నీతో ఎందుకు నడిచిండు’ అంటారు. సాక్షి సంతకం పక్కన అదే రాస్తారు, రికార్డు పోతుంది.

“ఒక్కన్నే వస్తున్న అవ్వా. ఎవ్వరు లేరు.”

ఆమె సంతోషపడి నా తల నిమిరింది. ఆ ఊరి సాక్షి సంతకం ఆమెదే, వేలిముద్ర. ఇప్పటికీ నా పెట్టెలో ఉంది.

ఆ సాయంత్రం గొర్ల కాపరులు యాకూబ్‌ను చూశారట. అప్పటికే ప్రాణం పోయింది. నాకు కబురు ములుగు దాటాక తెలిసింది. తెలిసి, ఏడ్చి, నడిచాను. అవును, నడిచాను.

భూపాలపల్లిలో బొగ్గుబావి కార్మికులు డప్పులతో ఎదురొచ్చారు. స్టేజీ మీద యాకూబ్ కోసం రెండు నిమిషాలు నిలబడ్డారు. ఆ తరువాత మైకు నా చేతికి వచ్చింది. ఊరి చివర అద్దం బిగించి నన్ను సాగనంపాడని చెప్పాను. నా మీద ప్రేమతో వెనకనుంచి నడిచి వచ్చాడేమో, నాకు తెలియదని చెప్పాను. సాగనంపుతూ అతను అన్న చివరి మాట అని ఒకటి చెప్పాను. “నా గురించి ఆగకు అన్నా, తెలంగాణ వచ్చేదాక నడువు.” ఆ మాట నాకు అక్కడికక్కడే, మైకు ముందే పుట్టింది. జనం గొల్లుమన్నారు. నేను కూడా ఏడ్చాను, ఆ ఏడుపు నిజమైనదే, అదే నాకు అన్నిటికంటే అసహ్యం.

ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు అడగలేదు: పొద్దంతా వెనక్కే చూస్తూ నడిచినవాడివి, వెనక వచ్చేవాడు నీకెట్ల కనిపించలేదు? ఎప్పుడెప్పుడు అడుగుతారా అని ఏళ్ళ తరబడి ఎదురుచూశాను. నా అబద్ధానికి అంత పెద్ద బొక్క ఉండి కూడా జనగామ అంతా దాన్ని నమ్మింది. యాకూబ్ షాపు గోడ మీద ఆ మాటను నీలం రంగుతో రాశారు. నేను రోజూ బడికి పోయేది ఆ గోడ ముందు నుంచే.

జమీల షాపు మూయలేదు. పంక్చర్లు తనే నేర్చుకుంది. యాకూబ్ పోయి ఏడాది తిరిగిన రోజు ఇంట్లో ఫాతెహా చదివించారు. అందరూ పోయాక షాపు ముందు కూర్చున్నాం. మామూలుగా అయితే చివరి మాట మళ్ళీ చెప్పించుకునేది. ఆ రోజు అది అడగలేదు. చక్రం నట్టు ఒకటి చేతిలో తిప్పుతూ అంది:

“భాయ్, నాకొకటి సమజ్ కాదు. గన్ని దినాలు ఎనక్కే నడిస్తివి గద. తొవ్వల ఏమన్న జారి పడితే ఎట్ల తీసుకుంటుంటివి?”

నట్టును నేల మీద వేసింది. నేను ముందూ వెనకా ఆలోచించలేదు. ఆటల మాస్టారి బుద్ధి, ఎవరైనా ఎట్లా అని అడిగితే చేసి చూపిస్తాను. లేచాను. అటు తిరిగాను, నట్టుకు వీపు పెట్టి. నాలుగడుగులు వెనక్కి వేశాను. వంగి నట్టు తీశాను.

“చూసినవా చెల్లె, ముందలికి ఒక్క అడుగు పడలే. జర తిరిగి నిలబడితే అయిపాయె.”

ఆ మాట నా నోట్లోంచి వచ్చాకే నాకు వినిపించింది. జర తిరిగి నిలబడితే. ఆ రోడ్డు మీద నేను తిరిగి నిలబడి, వెనక్కే నడుచుకుంటూ యాకూబ్ దగ్గరికి పోయి ఉండవచ్చు. ఏ నిబంధనా అడ్డం లేదు. ఆరు రోజులూ మట్టిపాలు అయ్యేవి కావు. నా రికార్డు కూడా పోయేది కాదు. ఆ ఉపాయం ఆ పూట నా బుర్రకు తట్టనే లేదు. తట్టలేదు కాబట్టి తప్పు లేదా? తండాలో నోరు తెరవడానికి ఏ ఉపాయం కావాల్సి వచ్చింది?

జమీల నా ముఖం చూసింది.

“గింతేనా భాయ్?”

“గింతే.”

“గింత అల్కగనా.” ఇంత తేలికా అని నన్ను కాదు, నట్టును అడిగినట్టు అంది.

నా చేతిలో నుంచి నట్టు తీసుకుని డబ్బాలో వేసింది. ఆ రోజు నుంచి ఈ రోజు దాకా ఆమె నన్ను చివరి మాట అడగలేదు. గోడ మీది రాత తుడిపించలేదు. నన్ను భాయ్ అనడం మానలేదు. ఆమెకు తెలుసా? తెలిసే అడిగిందా? తెలిస్తే ఇన్నేళ్ళు నాకు చాయ్ ఎట్లా పోసింది? నాకు తెలియదు. తెలుసుకునే ధైర్యం లేదు.

ఇంకొకటి ఉంది, ఇది నాకు తప్ప ఎవరికీ తెలియదు. చెప్పులు మోరీ దగ్గర దొరికాయని, మనిషి మూడో స్తంభం దగ్గర ఉన్నాడని గొర్ల కాపరులు చెప్పారు. విన్నవాళ్ళు అక్కడిదాకా నడిచి పడిపోయాడనుకున్నారు. నేను చూసినప్పుడు అతను పడింది మొదటి స్తంభం దగ్గర. మిగతా రెండు స్తంభాల దూరం నేను కనుమరుగయ్యాక వచ్చాడు. ఎట్లా వచ్చాడో నేను రాయలేను. నా వైపే వచ్చాడు.

రాష్ట్రం వచ్చింది. నాకు శాలువాలు కప్పారు. పోయిన వారం నలుగురు పెద్దమనుషులు మా ఇంటికి వచ్చారు. షాపు పక్కన యాకూబ్ పేరిట రాయి నాటుతారట. రంగు వెలిసిపోతోంది కాబట్టి ఆ మాటను రాతి మీద చెక్కిస్తారట. మాట ఇదేనని సాక్షిగా నా సంతకం కావాలి. కాగితం ఇచ్చిపోయారు. నల్లరాయి, వందేళ్ళు ఉంటుందని చెప్పారు.

ఆ కాగితం ఇంకా నా టేబుల్ మీదే ఉంది. సంతకం పెట్టలేదు. ఇది రాసి ముగించాక ముందు జమీల చేతికి ఇస్తాను. తెలుగు చదువుతుంది, నిదానంగా, వేలు పెట్టి. ఆమె నన్ను క్షమించాలని నేను కోరుకోవడం లేదు, ఆ హక్కు ఎప్పుడో పోయింది. తిడితే తిడుతుంది. మాట్లాడకపోతే మాట్లాడదు. ఇరవై ఏళ్ళలో మొదటిసారి ఛాతీలో కొంచెం చోటు దొరికినట్టు ఉంది. అంతకంటే ఏమీ లేదు.

రాయి మీద యాకూబ్ చివరి మాట చెక్కాల్సిందే అంటే, అది నాకు తెలుసు. విన్నవాణ్ణి నేనొక్కణ్ణే. “అన్నా, జర ఇటు రా.” అంతే అన్నాడు. నేను పోలేదు.