నరసత్తకు వన్స్ మోర్

మొన్న అటక మీది రేకుపెట్టె దింపి మూత తీయగానే అర్దళం, కొబ్బరినూనె కలిసిన వాసన గుప్పుమంది. నాటకాలవాళ్లు మొహానికి పూసుకునే ఆ పచ్చటి పొడి గడ్డకట్టిపోయినా వాసన మాత్రం చావలేదు. దాని కింద అట్ట కిరీటం, సగం ఊడిన మీసం. అవి మా మేనత్త అప్పలనరసమ్మవి. చోడవరం చుట్టుపక్కల పద్యనాటకంలో రాజు వేషమంటే మా నరసత్తదే. ఇప్పుడు ఆవిడ పేరున సభ పెడతామని వచ్చిన కమిటీ పెద్దమనిషి ఆ కిరీటాన్ని పక్కకు నెట్టి, "ఇయి వద్దండి, సినిమా ఫొటో ఉంటే ఇయ్యండి, ఫ్లెక్సీకి" అన్నాడు. అప్పటి నుంచి నా ఒళ్లు మండుతూనే ఉంది.

చెరకు నరికే రోజుల్లో గోవాడ ఫ్యాక్టరీకి పోయే బళ్లు మా వీధిలో బారులు తీరేవి. చక్రాల కింద నలిగిన చెరకు వాసన ఇంట్లోకి వచ్చేది, నానమ్మ ఉడకబెట్టిన వేరుశనక్కాయలు చేటలో పొగలు కక్కేవి, మేం పిల్లలం చెరకు గడలు కత్తులుగా దూసుకుని యుద్ధాలు చేసేవాళ్లం, ఆ గోలలోనే నరసత్త మిరియాలూ పాతబెల్లమూ బుగ్గన పెట్టుకుని పెరట్లో రాగం ఎత్తుకునేది. బళ్లవాళ్లు ఎడ్లను ఆపి వినేవారు. స్టేజీ మీద పద్యం ముగిశాక జనం "వన్స్ మోర్" అని అరిస్తే, ఆవిడ మీసం సవరించుకుని మళ్లీ మొదటి నుంచి పాడేది. జనం అడిగాక పాడకపోవడం మా వైపు తప్పు. నాలుగుసార్లు అడిగితే నాలుగుసార్లూ పాడాల్సిందే.

ఒక ఏడు చెరకు తోటల్లో షూటింగుకు సినిమావాళ్లు వచ్చారు. కొడుకు శవం మీద పడి ఏడ్చే తల్లి వేషం అత్తకిచ్చారు. ఒక్కటే సీను. అత్త ఏడుస్తుంటే చూడవచ్చిన ఊరంతా ఏడ్చింది, నేనూ ఏడ్చాను. సినిమా వచ్చిన రోజు మ్యాట్నీకి ఇంటిల్లిపాదీ వెళ్లాం. తెర మీద అత్త కనబడి నోరు తెరిచింది. ఎవరో పట్నం ఆవిడ గొంతు వచ్చింది, సన్నగా, రేడియో వార్తల్లా. అంతకుముందు సినిమా ఎరగని నానమ్మ లేచి నిలబడి, "వన్స్ మోర్. నీ గొంతుతో సెప్పే నరసమ్మా" అని కేకేసింది. హాలంతా నవ్వింది. అత్త నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. "ఒసే గుంటా, నా గొంతేటి సేసేసేరే ఈళ్లు?"

మరుసటి ఏడు మళ్లీ షూటింగుకొచ్చిన వాళ్ల మేనేజరునే అడగడానికి నన్ను వెంటబెట్టుకుని వెళ్లింది. "మీ యాస కామెడీకి బాగుంటుందమ్మా. తల్లి ఏడుపులో పెడితే జనం నవ్వుతారు" అన్నాడు వాడు టీ తాగుతూ. ఎవరు నవ్వుతారు? ఆ రోజు తోటలో ఒక్కరైనా నవ్వారా? మా తల్లులు ఏ మాటల్లో ఏడవాలో వీడా చెప్పేది? ఆ తర్వాత నాటకంలో అత్త ఆ పట్నం పలుకు పలకబోయి రాజు మాటల దగ్గరే తడబడింది. వన్స్ మోర్ ఎవరూ అనలేదు. మరింక ఆవిడ రంగు పూసుకోలేదు.

సినిమావాళ్లను తిడితే నా కోపం సగమే తీరుతుంది. మా ఇంట్లో టేప్ రికార్డరు ఉండేది. నాన్నా నేనూ దాని నిండా సినిమా పాటలు ఎక్కించుకున్నాం. పెరట్లో పాడుతున్న మనిషిది ఒక్క పద్యమైనా పట్టి ఉంచాలని మా బుర్రకు తట్టలేదు. రోజూ వినబడేదే కదా అనుకున్నాం.

బళ్లు పోయాయి, నాటకం పందిళ్లూ పోయాయి, అత్తా పోయింది. సభలో ఆ సినిమా సీను వేస్తారట. కమిటీ ఆయన ఫోను తీసి నా ముందు పెట్టాడు. "సూడండి, ఎంత క్లియర్‌గా ఉందో. ఎన్నిసార్లైనా ఏసుకోవచ్చు" అంటూ వేలితో నొక్కాడు. అత్త నోరు తెరిచింది. మళ్లీ నొక్కాడు, మళ్లీ తెరిచింది. నానమ్మ అడిగిన వన్స్ మోర్ ఇన్నేళ్లకు దొరికింది. గొంతు మాత్రం ఆ పట్నం ఆవిడదే.