టిఫిన్ డబ్బా మీద సంతకం

టీచరుగా రిటైరయ్యాక ఫోన్లో కథలు చెప్పి వీడియోలు పెట్టడం మొదలుపెట్టాను. లాలాగూడ రైల్వే క్వార్టర్స్‌లో పెరిగినదాన్ని, మా నాన్న వర్క్‌షాప్ ముచ్చట్లు ఒకటా రెండా! కానీ నా ముఖం చూస్తూ రెండు నిమిషాలు ఎవరు కూర్చుంటారు? బొమ్మలు కావాలి. కాప్రాలో ఉండే ఒకమ్మాయి వేస్తానంది. ఏడో తరగతి నా దగ్గరే చదివింది. నేను కథ రికార్డు చేసి పంపితే, విని బొమ్మలు వేసి పంపేది. మా నాన్నను ఎన్నడూ చూడని పిల్ల, ఆయన సైకిల్ దిగే తీరుతో సహా దింపేసింది. అది చూసి ఏడ్చాను, దాపరికమెందుకు.

ఫోన్ తెర కింది భాగాన్ని అక్షరాలూ గుర్తులూ కప్పేస్తాయి. అందుకని ప్రతి బొమ్మనూ కాస్త పెద్దది చేసి, పనికిరాదనుకున్న అంచులు కత్తిరించేదాన్ని. ముఖాలు బాగా కనబడేవి. నా తెలివికి నేనే మురిసిపోయాను.

ఒకరోజు, నాన్న టిఫిన్ డబ్బాతో వర్క్‌షాప్ గేటు దగ్గర నిలబడ్డ బొమ్మ వచ్చింది. చూద్దును కదా, డబ్బా మీద ఈ పిల్ల సంతకం! నాకసలే ముక్కుమీద కోపం. వెంటనే ఫోన్ చేశాను.

“ఏందమ్మా ఇది? మా నాయిన డబ్బా మీద నీ పేరేంది?”



“కింద రాస్తే మీరు కోసేస్తున్నరు టీచర్.”

“నేనా?”

“మా డాడీకి వీడియో చూపించిన. బొమ్మలు నేనే వేసిన అంటే నమ్మలే. నీ పేరేదీ, ఎవరివో చూపించి నన్ను పరేషాన్ చెయ్యకు అన్నడు. ఇవన్నీ బంద్ చేసి వచ్చే నెల నుంచి బ్యాంకు కోచింగ్‌కి పొమ్మంటున్నడు. పేరు జెర కనబడితే నమ్ముతడేమో అనుకున్న.”

“మరి ముందే చెప్పొద్దా పిల్లా?”

“మీకెట్ల చెప్పాలె టీచర్? పేరు రాయని పేపర్ దిద్దనని క్లాసుల నా పేపర్ విసిరేసింది మీరే గద.”

ఫోన్ పెట్టేయకుండానే తను పంపిన బొమ్మలన్నీ తీసి చూశాను. అన్నింటికీ కుడిమూల చిన్నగా, గుండ్రంగా పేరుంది. నేను పెట్టిన వీడియోల్లో ఒక్కదానికీ లేదు. పేరు రాయలేదని ఎందరు పిల్లల్ని తిట్టానో! రాసిన పేరును నా చేత్తోనే కోసి పారేశాను. సిగ్గుతో చచ్చిపోయాను.

“డబ్బా మీది తీసేసి మళ్ల పంపుతా టీచర్,” అంది.

“ఏం వద్దు, ఉండనీ. మా నాయిన ఏమనుకోడు.”

పాత వీడియోలన్నీ సరిచేసి మళ్లీ పెట్టాను. డబ్బా కథ చెప్పేటప్పుడు నా పేరుకన్నా ముందు, బొమ్మలు వేసిన పిల్ల పేరు చెప్పాను, ఇంటిపేరుతో సహా.

మర్నాడు తన మెసేజ్ వచ్చింది.

“డాడీ చూసిండు టీచర్. వీడియో మళ్ల మొదటి నుంచి పెట్టమన్నడు.”