పంచ్ కొట్టినందుకు ఆరు నెలల జైలు

2023లో సంగతి ఇది. దేశంకాని దేశంలో, మార్కమ్ అనే ఊళ్లో ఉంటూ అక్కడి కోర్టుల్లో తెలుగు ఇంటర్‌ప్రెటర్‌గా పనిచేస్తున్నాను. సాక్షి తెలుగులో చెప్పింది ఇంగ్లీషులో, జడ్జి అన్నది తెలుగులో చెప్పడం నా పని. అంతకుముందు మన భాషకు అంతగా పిలుపులు ఉండేవి కావు. కాలేజీల నిండా మన పిల్లలు వచ్చాక నాకు తీరికే లేకుండా పోయింది.

ఆ ఏడాది ఒక అప్పీల్ లాయరమ్మ ఫోన్ చేసి, "ఒక వాయిస్ మెసేజ్ ఉంది, పది సెకన్లే. అనువాదం సరిగ్గా ఉందో లేదో చెప్పండి చాలు" అంది.

మెసేజ్ నరేందర్ తన రూమ్మేట్‌కు పంపింది. జగిత్యాల నుంచి చదువుకోవడానికి వచ్చి, ఒక గోడౌన్‌లో పార్ట్‌టైమ్ చేసేవాడు. అంతకుముందు ఏడాది జనవరిలో, మధ్యాహ్నం మూడింటి ప్రాంతంలో, అక్కడి పార్కింగ్ లాట్‌లో ఎవరో వెనకనుంచి వచ్చి తోటి పనివాడి దవడ విరగ్గొట్టారు. కొట్టినవాడి మొహం అతను చూడలేదు. ఆ చలిలో అందరి మొహాలకూ మఫ్లర్లే! నరేందర్‌తో అతనికి ఆ వారమే మాటా మాటా పెరిగింది. ఆ తగాదా, ఈ మెసేజ్, ఈ రెండే సాక్ష్యాలు. ఆరు నెలల శిక్ష వేసేశారు. మూడు వారాలు లోపల ఉండి బెయిల్ మీద వచ్చాడు. అప్పీల్ కొట్టేస్తే మిగతా జైలు, ఆపైన డిపోర్టేషన్.

ఫైల్లో ఉన్న అనువాదం ఇది: "ఐ గేవ్ ఎ పంచ్ అండ్ కేమ్ అవుట్." తర్వాత, బస్సెక్కుతున్నాను, అన్నం వండు అని. దవడ విరగ్గొట్టి అన్నం వండమంటున్నాడు, ఎంత కరకు గుండెవాడో చూడండి అని ప్రభుత్వ లాయరు వాదించాడట.

హెడ్‌ఫోన్స్ పెట్టుకుని విన్నాను. "పంచ్ కొట్టి బయటికొచ్చిన రా. బస్సెక్కుతున్న, రైస్ పెట్టు."

ఒళ్లు మండిపోయింది. పంచ్ కొట్టడమంటే డ్యూటీ దిగేటప్పుడు మెషీన్ దగ్గర కార్డు పెట్టడం కాదూ! మనం హారన్ కొడతాం, బ్రేక్ కొడతాం, ఈల కొడతాం, ఫోన్ కొడతాం. ఎవడి దవడా విరగదు. ఇంట్లో నాలుగు తెలుగు ముక్కలు విన్నవాళ్లెవరిచేతనో ఈ అనువాదం చేయించి, దానిమీద ఒక మనిషిని జైలుకు పంపేశారు.

లాయరమ్మ ఆఫీసులో నరేందర్‌ని కలిశాను. అనువాదం సరైనదేనని సంతకం పెట్టింది అతనే. అది చూసి నా కోపం వాడి మీదికి మళ్లింది.

"చదవకుండా సంతకం పెట్టావా?"

"చదివిన మేడమ్."

"చదివి కూడానా! బుద్ధుందా నీకు?"

"అండ్ల తప్పేమున్నది మేడమ్? పంచ్ అనే రాసిన్రు గద. నేను కొట్టింది పంచే గద."

వాడి ఇంగ్లీషులో అది సరైన అనువాదమే.

"మరి కోర్టులో తెలియలేదా?"

"అప్పుడు సమజైంది. లాయర్ సార్‌కు చెప్పిన. సంతకం పెట్టినవ్ గద, ఇప్పుడు మాట మారిస్తే జడ్జి నమ్మడు, నోర్మూసుకొని కూసో అన్నడు. కూసున్న."

ఆ పెద్దమనిషి ఎదురుపడి ఉంటే చెడామడా దులిపేసేదాన్ని. గోడౌన్‌ వాళ్లని ఒక్క కాగితం అడిగితే సరిపోయేది. మేం అడిగాం. నరేందర్ పంచ్ కొట్టింది మూడు గంటల నాలుగు నిమిషాలకు, మెసేజ్ పంపింది మూడూ ఐదుకు. ఆ కాగితం, "కొట్టు" అనే ఒక్క క్రియ మీద నేను రాసిన మూడు పేజీల అఫిడవిట్, అంటే ప్రమాణం చేసి ఇచ్చే వాంగ్మూలం, రెండూ ఫ్రెష్ ఎవిడెన్స్‌గా పెట్టాం. కింది కోర్టు చూడని కొత్త సాక్ష్యాన్ని అలా అంటారు.

ప్రభుత్వ లాయరు నన్ను పిలిచి ప్రశ్నించాడు. "ఈ మాటకు గుద్దడమనే అర్థం రానే రాదంటారా?"

"వస్తుంది. ఎవరిని గుద్దాడో మెసేజ్‌లో ఎక్కడుందో మీరు చూపించండి."

అప్పీల్ కోర్టు శిక్ష కొట్టేసింది. ఆ అనువాదం తీసేస్తే మిగిలేది ఒక తగాదా మాత్రమేనని, దానితో ఎవరినీ దోషి అనలేమని, నిర్దోషిగా వదిలేసింది.

తీర్పు వచ్చాక కంగ్రాట్స్ చెప్పాను. నరేందర్ నవ్వలేదు. "అడిగితే చెప్పేటోన్ని మేడమ్. పోలీసోల్లు గాని, లాయర్ గాని, ఆ మాటకు అర్థమేందిరా అని ఒక్కలు గూడ అడగలే" అన్నాడు.

వాళ్లందరినీ తిట్టుకుంటూ బండి నడుపుతున్నాను. సగం దారిలో నా సంగతి గుర్తొచ్చింది. నేనూ ఎన్నో రికార్డింగులు అనువాదం చేసి పంపాను. అర్థం తెలిసిన మాటలే కదా అని, చిన్న సందేహం కూడా రాయకుండా కింద సంతకం పెట్టాను. ఇప్పుడు రెండో అర్థం రాగల ప్రతి మాట దగ్గరా ఒక గమనిక రాస్తాను, అన్నవాడిని అడగండి అని. లాయర్లు విసుక్కుంటారు, విసుక్కోనీ. అంతకుముందు పంపినవాటి వల్ల లోపలికి వెళ్లినవాళ్లు ఎవరైనా ఉన్నారేమో, ఈ రోజుకీ నాకు తెలియదు.