మేడమ్ చెల్లెలు పోటీలో ఉన్న చలికాలం

మంచు మీద పందేలు జరుగుతాయని నాకు తెలిసింది ఎడారిలోనే.

మాది కడప జిల్లా. నా భర్త ముందు గల్ఫ్‌కు వెళ్ళి జెబెల్ అలీ అనే చోట ఓడరేవు కట్టే కంపెనీలో క్రేన్ ఆపరేటర్‌గా కుదిరాడు. ఎనభైల మొదట్లో నేను ఇంటిపని వీసా మీద ఆయన వెనకాలే పోయాను. అదే కంపెనీలో ఇంజనీరుగా ఉన్న ఒక ఆస్ట్రియా ఆయన ఇంట్లో, వాళ్ళ నాలుగేళ్ళ పాపను చూసుకునే పని దొరికింది. నేను విల్లా వెనక గదిలో ఉండేదాన్ని. నా భర్త కూలీల క్యాంపులో ఉండేవాడు. శుక్రవారం మాత్రం కంపెనీ బస్సులో వచ్చి, వంటింటి వెనక మెట్ల మీద కూర్చొని, నేను చేసిన సంగటి, చెనక్కాయల చట్నీ తిని పోయేవాడు.

మా మేడమ్, పాప వాళ్ళమ్మ, పెళ్ళికి ముందు మంచు కొండల మీద స్కీ పందేల్లో దిగేదట. మోకాలి పక్కన జానెడు పొడుగున కుట్ల మచ్చ ఉండేది. మెట్లు దిగేటప్పుడు ఆ కాలు ఎప్పుడూ వెనకబడేది. ఆమె ఆట ఇరవై రెండో ఏటే ముగిసిపోయింది. ఇప్పుడు ఆమె చెల్లెలు ఆడుతోంది. ఆ చలికాలం ఆడవాళ్ళ టైటిల్‌కు పోటీ పడుతున్న ఇద్దరిలో ఒకతె ఆ చెల్లెలు, రెండో అమ్మాయిది స్విట్జర్లాండ్.

మేడమ్‌కు వచ్చిన ముక్కలు ముక్కల హిందీతో, నాకు వచ్చిన కొంచెం ఇంగ్లీషుతో ఈ ఆట నాకు మెల్లగా అర్థమైంది. చలికాలం మొదలైనప్పటి నుంచి మార్చి దాకా వారానికో కొండ మీద పందెం. ఎన్నో స్థానంలో వస్తే దానికి తగ్గ పాయింట్లు. అన్నీ కలిపి సీజన్ చివర ఎవరికి ఎక్కువుంటే టైటిల్ వాళ్ళది. కొన్ని పందేల్లో పాతిన కర్రల మధ్య మెలికలు తిరుగుతూ దిగాలి. కొన్నిట్లో కొండ నెత్తి నుంచి అడుగు దాకా, బ్రేకులు తెగిన లారీలా దూసుకొచ్చేయాలి. దాన్ని డౌన్‌హిల్ అంటారు. మేడమ్ మోకాలు పోయింది అందులోనే.

పందెం ఉన్న రోజు మధ్యాహ్నం భోజనాలయ్యాక ఆమె రేడియో తెచ్చి బల్ల మీద పెట్టేది. గరగరమనే మోతలో నుంచి జర్మన్ గొంతు ఒకటి గబగబా చెప్పుకుపోయేది. నాకు ఒక్క ముక్కా తెలియదు. మేడమ్ మాత్రం కూర్చునేది కాదు. బల్ల అంచు పట్టుకొని నిలబడి, మోకాళ్ళు కాస్త వంచి, అటూ ఇటూ ఊగేది. ఆ వీపు చూసి నాకు తెలిసిపోయేది, చెల్లెలు కొండ మీద ఉందని. వీపు సడలితే కిందికి చేరిందని.

జనవరిలో చెల్లెలు వరసగా రెండు పందేలు గెలిచి ముందుకొచ్చింది. ఆ వారమే ఒక సాయంత్రం ఫోన్ వచ్చింది. మేడమ్ చాలాసేపు విన్నది. మాట్లాడింది తక్కువ. ఫోన్ పెట్టేసి వంటింట్లోకి వచ్చి, నేను తరుగుతున్న ఉల్లిపాయల వైపు చూస్తూ నిలబడిపోయింది.

"చెల్లెలు బాగుందా మేడమ్?"

"మోకాలి లోపల ఏదో జారుతోందట. వంగినప్పుడు చప్పుడొస్తోందట," అంది. "నాకు తెలుసు ఆ చప్పుడు."

"డాక్టరుకు చూపించిందా?"

"ఎవరికీ చెప్పలేదు. చెబితే కోచ్ ఆపేస్తాడు. నా చేత కూడా ఒట్టు వేయించుకుంది."

అప్పటి నుంచి రేడియో పెట్టినప్పుడల్లా నేను చేతిలో పని వదిలేసి మేడమ్ వీపు వైపే చూసేదాన్ని. గెలిచినా మేడమ్ నవ్వేది కాదు. ఒక పందెంలో ఆ స్విస్ అమ్మాయి ముందు, ఇంకోదాంట్లో మా అమ్మాయి ముందు. గీత మీద నడిచినట్టు నడిచాయి ఆ వారాలు. ఎప్పటినుంచో తెలియదు గానీ నేను మేడమ్ చెల్లెల్ని 'మా అమ్మాయి' అనుకోవడం మొదలుపెట్టాను.

ఫిబ్రవరిలో ఒక శుక్రవారం నా భర్త తిని లేచి, చేయి కడుక్కోబోతూ గోడ పట్టుకున్నాడు. పళ్ళెం కింద పడి దొర్లింది.

"ఏమైందయా?"

"ఏం ల్యా. ఎండ."

ఆ నెలలో ఎండ ఎక్కడిది? పొద్దున పొగమంచుకు ఎదురిల్లు కూడా కనబడని రోజులవి. నేను వదల్లేదు. చివరకు చెప్పాడు.

"నెలయింది మే. పైన కూచోని కిందికి చూస్తే నేల పళ్ళెం తిరిగినట్ల తిరుగుతాంది. కొంచేపు కండ్లు మూసుకుంటే పోతాది."

"కండ్లు మూసుకుంటావా? క్రేన్ మీదనా?"

"మెల్లగ మాట్లాడు."

"ఫోర్‌మన్‌కు చెప్పినావా?"

"చెప్తే ఖలాస్. వీసా కొట్టేసి బొంబాయి ఇమానం ఎక్కిస్తారు. నువ్వు నోరు మూసుకోని ఉండు."

మేడ మీద బట్టలు ఆరేసే చోటు నుంచి రేవు వైపు క్రేన్ల చేతులు సన్నగా కనిపించేవి. అందులో ఆయనది ఏదో నాకు తెలియదు. ఏది కదిలినా ఆయనదే అనిపించేది. క్రేన్ కింద ఇనుప కడ్డీలు కట్టేవాళ్ళంతా కరీంనగర్, నిజామాబాద్ వైపు పిల్లలు. ఒకరిద్దరు శుక్రవారం ఆయనతో పాటు వచ్చి నా చేతి కూడు తిన్నవాళ్ళే. సముద్రం మీది నుంచి గాలి లేచి ఇసుక రేపిన రోజున ఉతికిన దుప్పటి చేతిలో పట్టుకొని అక్కడే నిలబడిపోయేదాన్ని. ఆ ఇంట్లో ఇద్దరు ఆడవాళ్ళం, ఒకే రకం మాట దాచుకొని తిరుగుతున్నాం. నా దగ్గర కూడా ఒకటి ఉందని మేడమ్‌కు తెలియదు.

మార్చి మొదట్లో రెండు రోజులు గాలి ఆగకుండా వీచింది. రెండో రోజు పాపకు అన్నం పెడుతూ పెడుతూ గిన్నె కింద పెట్టేసి మేడమ్ దగ్గరికి వెళ్ళి చెప్పేశాను. ఆమె నా మాట మొత్తం విన్నది.

"నా భర్తకు చెప్పమంటావా? ఒకసారి చెప్పాక వెనక్కి తీసుకోలేం. ఆలోచించుకో."

"చెప్పండి," అన్నాను.

"నీ భర్త నిన్ను క్షమించకపోతే?"

"బతికి ఉండి కోపంగా ఉంటాడు కదా మేడమ్."

ఆమె ముఖం ఒక్కసారిగా తెల్లబడింది. నేను ఆమె చెల్లెల్ని ఉద్దేశించి అన్న మాట కాదది. కానీ అలా తగిలింది.

మర్నాడు కంపెనీ డాక్టరు మా ఆయన్ని పరీక్ష చేసి క్రేన్ మీంచి దింపేశాడు. ఇంజనీరు సార్ మాట సాయంతో వీసా పోలేదు. పనిముట్ల స్టోర్లో వేశారు. ఆ శుక్రవారం ఆయన వచ్చాడు గానీ కూర్చోలేదు.

"నువ్వేనా చెప్పింది?"

"నేనే."

"నలుగురిలో నన్ను దించేసినావు," అన్నాడు. అంతే. బస్సు బయల్దేరే దాకా రోడ్డు మీదే నిలబడ్డాడు. పై శుక్రవారం రాలేదు. ఆ పైది కూడా.

ఇంట్లో మేడమ్ ఫోన్ పట్టుకుంది. కోచ్‌కు చెప్పాలని నంబరు తిప్పుతుంది, మోగక ముందే పెట్టేస్తుంది. ఒక రోజు చెల్లెలికే చేసి ఆ మాట అంది. అవతలి అరుపు నాకు వంటింట్లోకి వినబడింది. తర్వాత మేడమ్ నాతో అంది, "నేను చెబితే ఇక తనకు అక్క లేదనుకుంటానంది." మళ్ళీ ఫోన్ జోలికి పోలేదు.

సీజన్‌లో చివరి పందెం డౌన్‌హిల్. మా అమ్మాయి కొద్ది పాయింట్లు ముందుంది. గెలవక్కర్లేదు, మొదటి పదిమందిలో వస్తే చాలు. ఆ మధ్యాహ్నం మేడమ్ రేడియో పెట్టింది. పాపను నా ఒడిలో కూర్చోబెట్టుకున్నాను. స్విస్ అమ్మాయి ముందే దిగేసింది, బాగా దిగిందని మేడమ్ వేళ్ళు బల్లకు బిగుసుకోవడంలో తెలిసింది. తర్వాత చెల్లెలి పేరు వినబడింది. మేడమ్ వంగింది, ఊగింది. ఎడమ, కుడి, ఎడమ. ఉన్నట్టుండి రేడియోలో వేలమంది ఒక్కసారి ఊపిరి లాక్కున్నట్టు చప్పుడు. మేడమ్ వంగిన చోటే ఆగిపోయింది. జర్మన్ గొంతు గబగబా చెప్పడం మానేసి, ఒక్కో మాటా నిదానంగా చెప్పసాగింది. దానికి నాకు ఇంకా భయమేసింది.

"అమ్మా, పిన్ని కిందికి వచ్చేసిందా?" అని పాప అడిగింది.

టైటిల్ స్విస్ అమ్మాయికి పోయింది. మేడమ్ మర్నాటి విమానంలో వెళ్ళింది. ఏప్రిల్ నడుమ తిరిగొచ్చింది, పెట్టెలో ఒక వీడియో క్యాసెట్‌తో. రోజూ మధ్యాహ్నం తెరలు దించి, దాన్ని పెట్టుకొని చూసేది. ఆపమని సార్ చెప్పాడు. ఆమె వినలేదు.

అట్లాంటి ఒక శుక్రవారం నా భర్త వచ్చాడు. సార్ డ్రైవర్ చెప్పాడట, ఇంట్లో ఎవరికీ మనసు బాగాలేదని. వంటింటి గడప దగ్గర నిలబడి టీవీ వైపు చూస్తుంటే, మేడమ్ చేత్తో రమ్మని పిలిచింది. కుర్చీ చూపించినా తివాచీ మీదే గొంతుక్కూర్చున్నాడు. నేనూ అప్పుడే మొదటిసారి చూశాను. తెల్లటి కొండ, నీలం బట్టల్లో చిన్న మనిషి. ఒక మిట్ట మీద గాల్లోకి లేచింది. దిగినప్పుడు ఒక కాలు తన కాలే కానట్టు పక్కకు తిరిగింది. తర్వాత కంచె దాకా దొర్లుతూనే ఉంది.

"లేచిందా?" అని అడిగాడు.

"చంకల కింద కట్టెలు పెట్టుకోని నడుస్తాంది. ఇంక పందేలు ఆడదంట."

"ముందే నొప్పి ఉండిందా?"

"జనవరి నుంచి."

"అంటే తెలిసే దిగింది," అన్నాడు.

సంగటి పెట్టాను. మెట్ల మీద కూర్చున్నాడు, ముద్ద చేత్తో పట్టుకున్నాడు గానీ నోట్లో పెట్టుకోలేదు.

"నీకొకటి చెప్పలే," అన్నాడు. "ఆ గాలి తోలిన రోజు, ఇనుప కడ్డీల కట్ట పైన ఉండింది. కింద మనోళ్ళు ఏడెనిమిది మంది. నాకు కండ్లు చీకటి కమ్మినాయి. ఎంతసేపో తెల్దు. మళ్ళీ కనపడేతలికి కట్ట ఊగుతాంది, వాళ్ళు యాడుండారో ఆడనే ఉండారు. ఒకడు తల పైకెత్తి చేయి ఊపినాడు. నేను ఆట పట్టిస్తాండా అనుకున్యాడు. నవ్వినాడు మే వాడు."

నేను మేడమ్ దగ్గర నోరు తెరిచింది ఆ గాలి రోజుల్లోనే. ఆ మాట ఆయనకు చెప్పలేదు. నీళ్ళ చెంబు దగ్గరకు జరిపాను. బస్సు హారన్ రెండుసార్లు మోగింది. ఆయన లేవలేదు, తలొంచుకొని మెల్లగా తినడం మొదలుపెట్టాడు.