బుడ్డి, పొట్లం, పెద్దమ్మ

మొన్న మా మనవరాలి కంప్యూటరు మొరాయిస్తే ముక్తేశ్వరం నించి ఓ కుర్రాడొచ్చేడు. డబ్బా మూత విప్పి, పిల్లని పక్కన కూర్చోబెట్టుకుని, లెక్కలన్నీ చేసేది ఈ ప్రాసెసరు, అది వేడెక్కకుండా ఈ ఫ్యాను, పని జరిగినంతసేపూ గుర్తుంచుకునేది ర్యామ్, కరెంటు పోయినా మర్చిపోనిది హార్డ్‌డిస్కు, వీటన్నిటినీ కలిపి ఉంచేది మదర్‌బోర్డు అని ఒక్కొక్కటీ వేలుపెట్టి చూపించేడు. అడక్కుండానే చెప్పేడు. మీకిందులో వింతేమీ కనిపించకపోవచ్చు గాని, నాకు మాత్రం కడుపు రగిలింది.

యాభైల్లో, నా ఇరవయ్యో ఏట, అమలాపురంలో మా మేనమామగారి రేడియో రిపేరు కొట్లో చేరేను. చదువు ఐదో క్లాసుతో సరి. మావయ్యగారు గొప్ప పనివాడు, కాదనను. కానీ రేడియోలో బల్బులా వెలిగే వాల్వు కొత్తది రాగానే గాజుమీది నెంబరు తడిబూడిదతో తుడిచేసి, తనకి మాత్రమే తెలిసేలా రంగుదారం కట్టేవారు. వాల్వుని బుడ్డి అనీ, కండెన్సరుని పొట్లం అనీ, ట్రాన్స్‌ఫార్మరుని పెద్దమ్మ అనీ మాచేత పిలిపించేవారు. అసలు పేర్లు తెలిస్తే మర్నాడే ఎదురుగా కొట్టు తెరుస్తామని ఆయన బెంగ. అయినా నాలుగేళ్ళు తిరిగేసరికి, ఏ పొట్లం మాడిందో మూత తియ్యకముందే వాసనపట్టి చెప్పగలిగేవాణ్ణి.

అప్పుడే పంచాయతీలకి రేడియోలొచ్చేయి. వాటిని చూసుకోడానికి మెకానిక్కు కావాలని ఓ ఆఫీసరుగారు మా కొట్టుకే వచ్చేరు. సర్కారు ఉద్యోగం, తిరగడానికో సైకిలు. మా ఇంట్లో అటువంటిది ఎవరూ ఎరగరు. మూగబోయిన సెట్టు నా ముందు పెడితే పావుగంటలో పాడించేను. ఏం మార్చేవని అడిగేరు. పొట్లం మాడిందండి, పెద్దమ్మ బాగానే ఉందండి అన్నాను. ఆయన వెనకున్న గుమాస్తా కండువా నోటికి అడ్డం పెట్టుకున్నాడు. ఆఫీసరుగారు మావయ్యగారి వైపు తిరిగి, ఇతనికి పని వచ్చాండీ అని అడిగేరు.

మావయ్యగారు టంకం కడ్డీ మీంచి తల ఎత్తలేదు. "దుమ్ము బాగా తుడుస్తాడండి" అన్నారు.

ఉద్యోగం కాస్తా, విడిభాగాల పేర్లన్నీ గడగడా వల్లించిన ఓ సర్టిఫికెట్టు ఆసామీకి పోయింది. ఆయన చేతిలో చెడిపోయిన సెట్లు ఆయనే సైకిలుమీద కట్టుకొచ్చి, కాస్త చూద్దురూ అని నన్నే బతిమాలేవాడు. చూసేవాణ్ణి. తరవాత పాత కాగితాల కొట్లో దొరికిన ఇంగ్లీషు రేడియో పుస్తకం ముందేసుకుని, డిక్షనరీ పక్కన పెట్టుకుని, రోజుకో మాట చొప్పున అన్ని పేర్లూ నేర్చేను. అప్పటికి ఉద్యోగాలూ నిండిపోయేయి, నా వయసూ దాటింది.

ఎందుకలా అన్నారని మావయ్యగారిని ఒక్కసారే అడిగేను. "నువ్వెళ్ళిపోతే నాకెవరున్నార్రా" అన్నారు. ప్రేమే కావచ్చు. ఆ ప్రేమని నేను ఈనాటికీ క్షమించలేదు.

వాల్వుల్ని తోసేసి ట్రాన్సిస్టర్లొచ్చేక ఆయన దాచుకున్న విద్య దొంగలకి కూడా అక్కర్లేకపోయింది. ఇవాళ విద్యంటే వీధిలో ఆరబోసిన ధాన్యం, ఎవరికి కావాలంటే వాళ్ళు దోసిలి పట్టొచ్చు. సంతోషమే. కానీ మా రోజుల్లో నాలుగు పేర్లు చెప్పే దిక్కులేక, పనొచ్చి కూడా తలొంచుకు నిలబడ్డవాళ్ళం ఈ కోనసీమలో ఎందరమో, మమ్మల్నెవరూ అడగలేదు. ఇప్పుడు అడిగినా ఏం లాభం, చెప్పడానికి నాతోటివాళ్ళు మిగల్లేదు.