గేటు బయట ఆకువక్క

ఒక మాట నా దగ్గర ఉండిపోయింది. అది నా మాట కాదు. లోపలికి పోయి అడిగి రమ్మని ఒకామె నాకిచ్చి పంపిన మాట. గేటు దగ్గర్నుంచి పందిరి దాకా నడిచేలోపు దాన్ని మింగేశాను. ఆ తర్వాత లెక్కలేనన్ని వార్తలు రాశాను, ఈ ఒక్కటి రాయలేదు. ఇప్పుడు మీకు చెబుతున్నాను. మీరెవరో నాకు తెలియదు. అందుకే చెప్పగలుగుతున్నానేమో.

మాది రాజపాళయం. ఇంట్లో తెలుగు, బజారులో తమిళం. మధురైలో అచ్చయ్యే ఒక తమిళ దినపత్రికకు నేను ఊరి విలేకరిని.

యాభైలలో మా ఊరివాళ్ళు ఒక ఆస్పత్రి కట్టుకున్నారు. మొదట రెండు పెంకుటి గదులు, ఒక డాక్టరు, ఒక కాంపౌండరు. గింజ తీయించడానికి జిన్నింగు మిల్లుకు పోయే ప్రతి పత్తి బండీ ఆ గదుల ముందు ఆగేది. బండి తోలేవాడు రెండు చేతులకూ పట్టినంత పత్తి తీసి వాకిట్లో ఉన్న తొట్టిలో వేసి పోయేవాడు. ఎవరూ అడిగేవారు కాదు. మనిషి మరిచినా ఎద్దులు మరవవని నవ్వుకునేవాళ్ళం. ఆ పత్తి అమ్మి మందులు తెచ్చేవారు. పత్తి లేనివాళ్ళు ఊరి చివరి వీధి కూలివాళ్ళు. వాళ్ళ ఇళ్ళలోనూ తెలుగే. వాళ్ళు ఒళ్ళు వంచారు. రాయి మోశారు, సున్నం కలిపారు. కాన్పుల గదికి మిద్దె వేసినప్పుడు వాళ్ళ ఆడవాళ్ళే పైన వరుసగా కూర్చుని, సున్నం గట్టిపడేదాకా చెక్క పలకలతో కొట్టారు. పాట పాడుతూ కొట్టారు. ఆ వరుసలో మొదట కూర్చున్నది గురువమ్మ.

పని అయిన రోజు కమిటీ పెద్ద (ఊరంతా ఆయన్ను పెద్దయ్య అనేది) ఆ వీధివాళ్ళను పిలిచి, మీ ఆడవాళ్ళకు ఈ గదిలో కాన్పు ఉచితం అన్నాడు. కాగితం ఏమీ లేదు. నలుగురి ముందు అన్న మాట, అంతే. చాలా ఏళ్ళు నిలిచింది కూడా.

అరవైలలో మిల్లులు పెరిగాయి. పత్తి బేళ్ళు బయటి ఊళ్ళ నుంచి లారీల్లో నేరుగా మిల్లులకే వచ్చేవి. లారీలు ఆస్పత్రి ముందు ఎందుకు ఆగుతాయి? తొట్టి అడుగు కనిపించింది. డాక్టరు వెళ్ళిపోతానన్నాడు. అప్పుడే ఒక మిల్లు ముదలాళి, అంటే యజమాని, ఆస్పత్రిని తమ కుటుంబం పేరు మీదికి మారిస్తే తాను నడుపుతానన్నాడు. మేడ వేస్తానన్నాడు, ఎక్స్‌రే పెడతానన్నాడు. ఆయన చెడ్డవాడని నేను చెప్పను. చెబితే నాకు తేలికవుతుంది, అందుకే చెప్పను.

మా ఊళ్ళో ఉమ్మడి సొత్తు చేయి మారాలంటే పళ్ళెంలో ఆకువక్క తిప్పుతారు. తీసుకుంటే ఒప్పుకున్నట్టు. ఒక్కరు తీసుకోకపోయినా పళ్ళెం కింద పెట్టి, ఆ మనిషి చెప్పేది విని తీరాలి. ఆస్పత్రికి చేయి వేసిన ప్రతి ఇంటికీ ఆ పళ్ళెం అందాలి.

ఇక నా సంగతి. మరునాటి పేపరులో వార్త రావాలంటే అది పొద్దుటి బస్సులో మధురైకి పోవాలి. సమావేశమేమో ఆ బస్సు పోయాక. నేను ముందే రాసి కండక్టరు చేతికిచ్చాను. ‘అందరూ తాంబూలం స్వీకరించి ఏకగ్రీవంగా సమ్మతించారు’ అని. అది నాకు కొత్త కాదు. మంత్రి కారు దిగకముందే ఆయన ఉపన్యాసం పంపిన రోజులున్నాయి. ఒక్కసారీ తప్పలేదు. తప్పకపోవడమే నా గొప్ప అనుకునేవాణ్ణి.

ఆస్పత్రి ఆవరణలో పందిరి. ముదలాళి ముందు వరుసలో, చేతులు కట్టుకుని, కొత్త పెళ్ళికొడుకులా సిగ్గుపడుతూ కూర్చున్నాడు. పళ్ళెం తిరిగింది, అందరూ తీసుకున్నారు. చివరి వీధివాళ్ళు ఎప్పటిలాగే గేటు బయట నిలబడి ఉన్నారు. మిద్దె కొట్టినప్పుడు లోపలికి వచ్చినవాళ్ళు సమావేశానికి ఎందుకు బయట నిలబడాలని ఆ రోజు ఎవరూ అడగలేదు. నేనూ అడగలేదు. గేటుకు దగ్గరగా కూర్చున్నది నేనని పెద్దయ్య పళ్ళెం నా చేతికిచ్చాడు.

గురువమ్మ ముందుకొచ్చింది. మా అమ్మ ఈడుది. నేను ఆమెను నువ్వనేవాణ్ణి, ఆమె నన్ను సామీ అనేది. అప్పుడు అలాగే ఉండేది.

"ఆకువక్క తీసుకో గురువమ్మా. లోపల అందరూ తీసుకున్నారు."

"లోపల ఏమి మాట్లాడినారో మాకు వినపడలేదు సామీ. మైకు మీ పక్కనే తిరిగుండాది."

వెనక నుంచి ఒకడు, "మనకు మైకు ఎందుకవ్వా? ఆకు వచ్చినాది కదా, నములు," అన్నాడు. నవ్వులు.

"నీకు పండ్లు ఉండాయి, నములుతావు. నాకు అడిగేదానికి నోరే మిగిలినాది." ఆమె పళ్ళెం వైపు చూడనైనా లేదు. "సామీ, ఆ మిద్దె మేము కొట్టినాము. మా ఆడోళ్ళు కాన్పుకు వస్తే దుడ్డు అడగకూడదని పెద్దయ్య చెప్పినాడు. అదే మాట ముదలాళి ఒకసారి తన నోటితో చెప్పనీ. చెప్తే తీసుకుంటాము. లేకుంటే వద్దు. పోయి అడిగిరా."

"అదంతా అట్లే ఉంటాది. యాడికి పోతాది?"

"ఉండేదైతే చెప్పేదానికి ఏమి కష్టం సామీ?"

పళ్ళెంతో వెనక్కి తిరిగాను.

ఏం ఆలోచించాను? ఇన్నేళ్ళుగా నన్ను నేను అడుగుతూనే ఉన్నాను. గురువమ్మ గురించి కాదు, కాన్పుల గది గురించి కాదు. బస్సు గురించి ఆలోచించాను. అది ఈపాటికి శ్రీవిల్లిపుత్తూరు దాటి ఉంటుంది, అందులో నా వార్త ఉంది, ఆమె అడిగింది లోపల చెబితే పళ్ళెం కింద పెడతారు, వాదం మొదలవుతుంది, సమావేశం ఇంకో రోజుకు పోవచ్చు, అప్పుడు రేపటి పేపరులో నా వార్త అబద్ధమవుతుంది. ఇదీ నా తలలో నడిచింది. వార్తను నిజం చేయడానికి నాకు కొన్ని అడుగులే ఉన్నాయి. దారిలో గన్నేరు చెట్ల గుబురు ఉంది. దాని పక్కన ఆగి, పళ్ళెంలోని ఆకులూ వక్కలూ భుజాన వేలాడే నా గుడ్డసంచిలో వంచుకున్నాను.

"తీసుకున్నారా?" అన్నాడు పెద్దయ్య.

"తీసుకున్నారు."

నాదస్వరం మొదలైంది. నేను గేటు వైపు పోలేదు. నర్సులు వచ్చిపోయే వెనక దారిన ఇంటికి పోయాను. వాళ్ళు బయట ఎంతసేపు నిలబడ్డారో నాకు తెలియదు. ఆ సాయంత్రం అమ్మ నా సంచిలో ఆకులు చూసి, లేతగా ఉండాయే అని మెచ్చుకుని, వాకిట్లో కూర్చుని నమిలింది. నేను చూస్తూ కూర్చున్నాను.

ఆస్పత్రి పెరిగింది. మేడ లేచింది, ఎక్స్‌రే వచ్చింది, బోర్డు మీద పేరు మారింది. నేను ప్రతి ప్రారంభోత్సవం గురించీ రాశాను. తర్వాత కొత్త మేనేజరు వచ్చాడు. కాన్పుకు ముందే దుడ్డు కట్టాలన్నాడు. చివరి వీధివాళ్ళు పాత మాట ఎత్తితే, మేనేజరు పెద్దయ్యను పిలిచి అడిగాడు. ఆయన నిజాయితీపరుడు. తనకు తెలిసింది చెప్పాడు. ఆ రోజు వాళ్ళు కూడా ఏ షరతూ లేకుండా ఆకువక్క తీసుకున్నారని. ఆయన చెప్పింది ఆ వీధి దాకా రాలేదు, పాత మాట ఇక చెల్లదన్నదే వచ్చింది.

గురువమ్మ కోడలు చిన్నపొన్నుకు నొప్పులు వచ్చినప్పుడు బండిలో ఆ గేటు దగ్గరికే తెచ్చారు. కట్టడానికి దుడ్డు లేదు. శ్రీవిల్లిపుత్తూరు ధర్మాస్పత్రికి తీసుకుపొమ్మన్నారు. బండి తిప్పారు. దారిలో ప్రాణం పోయింది. తల్లీ, కడుపులో బిడ్డా. అది వార్త. నేను పంపలేదు.

కొన్నాళ్ళకు బస్టాండులో గురువమ్మ ఎదురైంది. తప్పించుకోవడానికి చోటు లేకపోయింది.

"ఆ దినము లోపల అడిగినావా సామీ?"

అప్పుడైనా చెప్పవచ్చు. కొట్టి ఉండేది కాదు, తిట్టి ఉండేది కూడా కాదేమో. నేనన్నది ఇది: "అడిగినాను. ఎవరూ బదులు చెప్పలేదు."

ఆమె తల ఊపింది. "నువ్వన్నా అడిగినావు," అంది.

దాన్ని నేను మోయలేకపోయాను. చిన్నపొన్ను చావు కన్నా ఇదే బరువని రాస్తే మీకు రోత పుట్టవచ్చు, నాకూ పుడుతుంది, కానీ ఉన్నది ఉన్నట్టు రాయడానికే కూర్చున్నాను. పెద్దయ్యకూ ముదలాళికీ నా తప్పు అంటగట్టి, నేను మంచివాణ్ణయ్యాను. ఆ వీధిలో నా పేరు చెడలేదు. మా కోసం అడిగిన పేపరు సామి ఈయనే అని ఆమె వీధి పిల్లలకు నన్ను చూపించేది. నేను చెయ్యెత్తి పలకరించేవాణ్ణి. ఆమె చనిపోయేదాకా అలాగే జరిగింది.

నేను నిజంగా అడిగి ఉంటే ముదలాళి ఏమనేవాడు? ఆయన ఆ రోజు ఇచ్చే మనసుతో ఉన్నాడు. మైకు అందుకుని, దానికేముంది, అలాగే ఉంటుంది అని ఊరందరి ముందూ అనేసేవాడని నా నమ్మకం. అని ఉంటే వెనక్కి తీసుకోలేకపోయేవాడు. లేదు, అన్నా ఎన్నేళ్ళు నిలిచేది, మేనేజర్లు మాటలు వింటారా అని కూడా నాకు నేను చెప్పుకుంటుంటాను. ఆ రెండోది నన్ను నేను కాపాడుకోవడానికి చెప్పుకునేదని నాకు తెలుసు.

క్షమించమని మిమ్మల్ని అడగను. ఇవ్వవలసినవాళ్ళు లేరు. ఆ వార్త మాత్రం తిరిగి రాస్తున్నాను, మాకు అలవాటైన పద్ధతిలోనే, ఊరి పేరు ముందు పెట్టి.

రాజపాళయం: ఊరి ఆస్పత్రిని మిల్లు యజమానికి అప్పగించిన సమావేశంలో గేటు బయట నిలబడినవాళ్ళు ఆకువక్క తీసుకోలేదు. ఒక మాట అడిగి రమ్మన్నారు. వాళ్ళు పంపిన మనిషి అడగలేదు.